దసరాకి తలంటు పోసుకున్న తుపాకీ

తుపాకీ పట్టుకుని తనంతట తాను పోలీస్ స్టేషన్‌కి నడిచొచ్చిన మనిషిని నా సర్వీసు మొత్తంలో ఒక్కణ్ణే చూశాను. ఆ ఒక్కణ్ణీ మేం అరెస్టు చేశాం. తరవాత ఇంకెవడూ రాలేదంటే వింతేముంది?

అరవైల చివరి మాట ఇది. పాతపట్నం వైపు ఓ చిన్న స్టేషన్. ఊరి పేరు చెబితే ఆ కామందు గారి వారసులకి కోపం, నా పేరు చెబితే మా ఇంటావిడకి కోపం. అంచేత పేర్లు వదిలేసి పనులు మాత్రం చెబుతాను. కొత్తగా యూనిఫారం వేసుకున్న మీలాంటి వాళ్ళ కోసమే ఇది. మీకిప్పుడు కెమెరాలున్నాయి, కంప్యూటర్లున్నాయి. బుర్ర ఒక్కటే మా నాటి పాత సరుకు.

నేను ఆరో క్లాసులో బడికి దండం పెట్టినవాణ్ణి. బడి నాకంటే ముందే పెట్టేసింది, అది వేరే సంగతి. పోలీసులో చేరినప్పుడు ఛాతీ కొలిచారు గానీ చదువు కొలవలేదు. మా స్టేషన్‌లో రాత బాగున్నవాడికి పెన్ను ఇచ్చేవారు, బాగులేనివాడికి తాళంచెవి. నా రాత చూసి ఎస్సై గారు "ఏరా, ఇది తెలుగా ఒరియానా?" అనేవారు. అంచేత తాళంచెవి నా మొలతాడుకి వచ్చింది.

అది కేసు సామాన్ల గది తాళం. దొంగసైకిళ్ళు, పలుగులు, ఒక గుడి గంట, నాటుసారా కుండలు. కుండల్లో సరుకు నెలనెలా తగ్గిపోతూ ఉండేది. "ఎండలకి ఆవిరైపోతాది" అనేవారు మా హెడ్డు గారు. వానాకాలంలో కూడా ఆవిరయ్యేది.

ఆ మనిషి వచ్చింది శ్రావణమాసంలో, ఊడ్పులు ముమ్మరంగా ఉన్న రోజున. నేను గేటు దగ్గర సెంట్రీలో ఉన్నాను. మోకాళ్ళ దాకా బురద, తలమీద వానకి కప్పుకున్న గోనెసంచి, చేతిలో తువ్వాలు చుట్టిన పొడుగాటి వస్తువు. దగ్గరికొచ్చాక చూద్దును కదా, మందు కూరి పేల్చే ఒంటిగొట్టం తుపాకీ. దాన్ని పట్టుకున్న తీరు ఇంకా బాగుంది. గొట్టం మూతి వాడి పొట్టవైపే ఉంది.

"ఒరే ఒరే! ఆగక్కడ! కింద పెట్టు!"

"ఎక్కడెట్టమంతారు బాబూ? అంతా బురద."

"ఎవులిదది?"

"మా కామందుబాబుది. మదుం కాడ నా గుండెకి గురెట్టినాడు. నానట్టుకుని లాగినాను, సేతికొచ్చీసినాది. మల్లీ అడుగుతాడు కదా అని నిలబడితే ఆ బాబు ఎల్లిపోనాడు. తుపాకి ఇంటికి అట్టుకెల్తే తప్పు కదా. గవర్మెంటోలికి ఇచ్చీద్దామని తెచ్చినాను."

మదుం అంటే పొలాలకి నీళ్ళు వదిలే తూము. పక్కనున్న గెడ్డ, అంటే వాగు, దాని నీళ్ళు ఎవరి మడికి ముందు పారాలి అన్నదే తగాదా. ఈ మనిషి ఆ కామందు గారి నేలే కౌలుకి చేస్తున్న చిన్న రైతు. నాలుగు మైళ్ళు బురదలో నడిచొచ్చాడు, ఫిర్యాదు రాయించుకోడానికి, సాక్ష్యం తనే మోసుకుని. అంత తెలివైన ఫిర్యాదీ నాకు మళ్ళీ తగల్లేదు. అంత తెలివితక్కువ వాడూ తగల్లేదు.

ఎందుకంటే ఆ రోజుల్లో కొండలవైపు గొడవలు మొదలయ్యాయి. "మీ స్టేషన్‌లో లైసెన్సు లేని తుపాకులు ఎన్ని పట్టారు?" అని పైనుంచి వారం వారం అడిగేవారు. మేం వారం వారం సున్నా రాసి పంపేవాళ్ళం. ఆ సున్నా ఎస్సై గారి నిద్ర చెడగొట్టేసింది. అలాంటి సమయంలో తుపాకీ కాళ్ళు మొలిచినట్టు నడిచొచ్చింది.

గంట తిరక్కుండా కామందు గారు జట్కా దిగారు. తెల్లటి పంచె, భుజాన రెండు గొట్టాల సీమ తుపాకీ, చేతిలో దాని లైసెన్సు పుస్తకం. ఎస్సై గారు లేచి తన కుర్చీ ఇచ్చారు.

"నా తుపాకి ఇది, లైసెన్సు ఇది. ఆడు తెచ్చిన డొక్కు తుపాకి నాకు తెలీదు," అన్నారు కామందు గారు. "ఆడే నా మీద గురిపెట్టాడు. మా పాలేళ్ళు పట్టుకోబోతే పారిపోయాడు."

పారిపోయినవాడు సూటిగా పోలీస్ స్టేషన్‌లోకే పారిపోయాడన్నమాట. నాకు నవ్వొచ్చింది. ఎస్సై గారు నావైపు చూశారు. నవ్వు ఆగిపోయింది.

చట్టం సంగతి రెండు ముక్కల్లో చెబుతాను, అంతకంటే నాకూ రాదు. లైసెన్సు లేని తుపాకీ దగ్గర ఉంచుకోవడం ఒక నేరం. తుపాకీ మనిషి మీదకి గురిపెట్టి బెదిరించడం ఇంకో నేరం, దానికి లైసెన్సు ఉన్నా ఒకటే లేకపోయినా ఒకటే. ఈ రెండోది ఉందని నాకు చాలా కాలం తెలీదు. మా స్టేషన్‌లో దాన్ని ఎవరిమీదా వాడగా చూడలేదు మరి. ఆ రోజు మాత్రం రెండూ కలిపి వాడారు, ఆ రైతు మీద.

సాయంత్రానికి మధ్యవర్తుల రిపోర్టు, అంటే పంచనామా, తయారైంది. అందులో మేం "రాబడిన సమాచారము మేరకు" మదుము దగ్గర మాటు వేశామట. ముద్దాయి తుపాకీతో పరుగెత్తగా వెంబడించి పట్టుకున్నామట. నెల్లాళ్ళ కిందట కొండవాళ్ళ దగ్గర కొన్నానని ముద్దాయి ఒప్పుకున్నాడట. నేను ఆ రోజు గేటు దాటి అడుగు బయటపెట్టలేదు. అయినా వెంబడించినవాళ్ళలో నా పేరుంది, బాగా పరిగెత్తానని కూడా ఉంది. నేను కాదనలేదు. ఇది మీరు గుర్తుంచుకోండి, ఎందుకంటే ముందు ముందు నేనేదో హరిశ్చంద్రుడి తమ్ముడిలా కనిపిస్తాను. కాదు.

తుపాకీని గుడ్డలో చుట్టి, తాడు కట్టి, ముడిమీద లక్క పోసి సీలు వేశారు. మధ్యవర్తుల సంతకాల చీటీ అతికించారు. నా గదిలో గుడి గంట పక్కన నిలబెట్టాను.

రైతుని స్టేషన్ వెనక సబ్‌జైల్లో పెట్టారు. బెయిలుకి పూచీ ఉండేవాడు దొరకలేదు. కామందు గారి ఊళ్ళో కామందు గారి మీదకి తుపాకీ ఎత్తినవాడికి ఎవడుంటాడు పూచీ? వాడి పెళ్ళాం వారానికి రెండుసార్లు అంబలి ముంత నెత్తినపెట్టుకుని వచ్చేది. ఒకరోజు నన్ను పట్టుకుంది.

"బాబూ, నా మొగుడికి తుపాకి ఎటేపు నుంచి పేల్తాదో తెల్దు. ఇంట్లో దీపం ఎట్టడానికి అగ్గిపుల్ల నన్నే గియ్యమంతాడు, సెయ్యి కాల్తాదని."

"కోర్టులో సెప్పుకోమను."

"కోర్టు ఎప్పుడు? కామందుబాబు మొన్న కబురెట్టినాడు. శిచ్చ పడితే నేల వొగ్గియ్యాలట. జైలుకెల్లినోడికి కౌలెవుడిత్తాడు అన్నాడట. పిల్లల్ని ఎట్టుకుని నానెక్కడికెల్లాల?"

అప్పుడు తెలిసింది నాకు ఆ తుపాకీ ఎందుకు గురిపెట్టబడిందో, ఎందుకు వదిలేయబడిందో. గుండు పేల్చకుండానే నేల చేతికొస్తుంటే మందు ఖర్చెందుకు? నాకు తెలిసి నేనేం చేశానంటారా? "అంబలి సల్లారిపోతాది, బేగి ఇచ్చీ" అన్నాను.

దసరా వచ్చింది.

మా స్టేషన్‌లో ఆయుధపూజ అంటే సంవత్సరానికొక్కసారి దేవుడు మా తనిఖీకి వచ్చినట్టు. దాని సర్వాధికారి హెడ్డు గారు. పెద్దాయన, రిటైరుమెంటుకి దగ్గరపడ్డవాడు, లాఠీకి కూడా కళ్ళకద్దుకునే రకం. పొద్దున్నే స్నానం చేసి, పట్టుపంచె మీద పోలీసు బెల్టు పెట్టుకుని వచ్చారు. వరండాలో పీట మీద అమ్మవారి పటం. ముందు దుప్పటి పరిచి, మా తుపాకులన్నీ వరసగా పెట్టాం.

"ఇంకేటున్నాయిరా లోపల?"

"కేసు సామాను తప్ప ఏటీ లేదండి."

"అందులో ఆయుధాల్లేవా?"

"ఒకటున్నాదండి. సీలు వేసి ఉన్నాది."

"తే."

"సీలండి..."

"అమ్మవారికి సీలేటిరా? అన్ని ఆయుధాల్నీ పెట్టి ఒక్కదాన్ని వొదిలేస్తే దానికి కోపం రాదా? అది ఎప్పుడో నీ చేతిలోనే పేల్తాది."

ఈ మాటకి ఎదురు చెప్పేంత చదువు నాకు లేదు. పైగా పూజ తరవాత పులిహోర ఉంది. లక్క గీకేశాను. తాడు విప్పాను. మధ్యవర్తుల చీటీ సగానికి చిరిగింది, జేబులో దాచాను.

హెడ్డు గారి లెక్కలో మురికి ఆయుధం పూజకి పనికిరాదు. అంచేత దానికి తలంటు మొదలుపెట్టాను. కిరసనాయిలు, ఇటుకపొడి, కొబ్బరిపీచు. గొట్టం మీద తుప్పు తేలిగ్గానే వదిలింది. వదలనిది తుపాకీ గుర్రం, అంటే మీట నొక్కితే పడే సుత్తి, దాని చుట్టూ, కర్రమీద చెక్కిన లతల గాడుల్లో పేరుకున్న మడ్డి. పైన పచ్చగా, దాని కింద ఎర్రగా, ఇంకా కింద మళ్ళీ పచ్చగా. పొరలు పొరలుగా ఉల్లిపాయలా లేచింది. తడి తగిలేసరికి కమ్మటి వాసన కూడా వచ్చింది. "బాగున్నాదే" అనుకుంటూ ఇంకా గట్టిగా రుద్దాను. పని విషయంలో నేను బద్ధకస్తుణ్ణే గానీ, అక్కర్లేని పనికి మాత్రం ప్రాణం పెడతాను. అరగంటలో తుపాకీ పెళ్ళికొడుకులా మెరిసింది. మురుగునీళ్ళు వరండా కిందకి పారబోశాను.

"బొట్టు పెట్టు" అన్నారు హెడ్డు గారు.

గంధం గిన్నెలో వేలు ముంచి, గుర్రం పక్కన చెక్కిన పువ్వు దగ్గర పెట్టబోయాను. వేలు సరిగ్గా ఆ గాడిలో కూర్చుంది. ముక్కుకి మళ్ళీ అదే వాసన. అప్పుడు నా బుర్రలో దీపం వెలిగింది, ఇల్లు కాలిపోయాక.

నేను కడిగేసిన మడ్డి పసుపూ కుంకుమా గంధమూ! ఎన్ని దసరాలవో. అంటే ఈ తుపాకీకి ఏటేటా పూజ జరిగింది, ఒకే ఇంట్లో, ఒకే చోట బొట్టు పెట్టి. నెల్లాళ్ళ కిందట కొన్న తుపాకీకి ఇన్ని దసరాలు ఎక్కణ్ణించి వచ్చాయి? కౌలురైతు ఇంట్లో దసరాకి నాగలికి పసుపు రాస్తారు, అదీ ఇంట్లో కొమ్ము మిగిలితే. గంధపుచెక్క సానమీద అరగదీసి ఆయుధాలకి పూసే ఇల్లు ఆ చుట్టుపక్కల ఒక్కటే.

ఆ ఇంటి సాక్ష్యం మొత్తం వరండా కింద కిరసనాయిల్లో తేలుతోంది. కోళ్ళు వచ్చి చూసి వెళ్ళిపోయాయి.

హెడ్డు గారి చెవిలో చెప్పాను. ఆయన ఘంట ఆపి, నన్నూ అమ్మవారినీ ఒకసారి చూశారు.

"నువ్వేటీ సూళ్ళేదు. సీలు మళ్ళీ వేసీ."

వేశాం. స్టేషన్ సీలు మా దగ్గరే ఉంటుంది కదా. చిరిగిన చీటీని పులిహోర మెతుకులతో అతికించాను. మూడోరోజుకి చీమలు పట్టాయి. వాటికున్న పరిశోధనా దృష్టి మా స్టేషన్‌లో ఎవరికీ లేదు.

కార్తీకంలో కోర్టు. ముందురోజు ఎస్సై గారు నన్ను పిలిచారు. ఆయన చెడ్డవాడు కాదు. సున్నాకి భయపడిన మనిషి, అంతే.

"రేపు నువ్వు నాలుగో సాక్షివి. సీలు వేసిన తుపాకీ గదిలో పెట్టాను, సీలు వేసినట్టే కోర్టుకి తెచ్చాను. రెండు ముక్కలు. జోకులు వెయ్యకు."

"చిత్తం. మరి అది..."

"ఏది?"

ఆయనకి పూజ సంగతి తెలుసు, పులిహోర ఆయనా తిన్నారు. "రెండు ముక్కలు" అని మళ్ళీ చెప్పి ఫైలు తెరిచారు.

కోర్టులో రైతు బోనులో నిలబడ్డాడు. మూడు నెలల్లో సగమయ్యాడు. పెళ్ళాం బయట గుమ్మం పక్కన చంటిదాన్ని ఒళ్ళో వేసుకుని కూర్చుంది. వాడి తరఫు ప్లీడరు గారు ఒక ముసలాయన. నల్లకోటు మోచేతుల దగ్గర బూడిదరంగుకి తిరిగింది. సగం కళ్ళు మూసుకుని ఉంటారు. ఆయన నిద్రపోతున్నారని అందరం అనుకున్నాం.

మొదటి సాక్షి కామందు గారు. ముద్దాయి తన మీద ఎలా గురిపెట్టాడో కథ బాగా చెప్పారు. ప్లీడరు గారు లేచి, "బాబూ, గురిపెట్టాడు గురిపెట్టాడు అంటున్నారు. నేను బీద బ్రాహ్మణ్ణి, తుపాకీ ఎరగను. ఎలా పెట్టాడో కాస్త చూపిస్తారా?" అన్నారు.

సీలు విప్పించి తుపాకీ కామందు గారి చేతికిచ్చారు. ఆ తరవాత జరిగింది ఆయన చెయ్యలేదు, ఆయన చేతులు చేశాయి. గొట్టం మూతి ఎత్తి ఉఫ్ అని ఊదారు. బొటనవేలు చూడకుండానే గుర్రం మీదకి వెళ్ళింది. ఆ గుర్రం కొంచెం పక్కకి నొక్కి లాగితే గానీ లేవదు. శుభ్రం చేసిన రోజు అది నన్ను పావుగంట ఏడిపించింది. ఆయనకి ఒక్క లాగుకి లేచింది. కర్ర భుజానికి చేరింది, ఎడమకన్ను మూసుకుంది, గొట్టం గిర్రున తిరిగింది. తిరిగి ఎక్కడ ఆగిందంటే మేజిస్ట్రేటు గారి మీద.

మేజిస్ట్రేటు గారు బల్ల కిందకి వెళ్ళిపోయారు. బంట్రోతు ఆయన కంటే ముందే వెళ్ళి అక్కడున్నాడు.

"దించండి! దించండయ్యా!"

"అందులో మందు లేదండి," అన్నారు కామందు గారు తాపీగా. "బరువు చూస్తే తెలవదా నాకు?"

"బరువు తెలుసునన్నమాట" అన్నారు ప్లీడరు గారు, తనలో తాను అనుకున్నట్టు. కోర్టు హాలుకంతా వినిపించింది.

తరవాత అదే తుపాకీ ముద్దాయి చేతికివ్వమన్నారు. రైతు చేతులు వెనక్కి పెట్టేసుకున్నాడు.

"ఒద్దు బాబూ. పాలిసోలు ఇక్కడే ఉన్నారు, మల్లీ కేసెట్టీగలరు."

జనం ఘొల్లుమన్నారు. మేజిస్ట్రేటు గారు నవ్వాపుకుని బల్ల కొట్టారు. కానీ నవ్వుతో కేసు పోదు. సర్కారు వకీలు గారు లేచి, తుపాకులున్న ఇంట్లో పెరిగిన వారికి తుపాకీ పట్టడం రావడంలో తప్పేమిటన్నారు. అదీ నిజమే. మధ్యవర్తులిద్దరూ వచ్చి, పాఠం అప్పజెప్పినట్టు చెప్పేసి వెళ్ళారు. ఇంక నేను.

బోనెక్కాను. సర్కారు వకీలు గారు అడగాల్సింది అడిగారు. నా రెండు ముక్కలూ నోటి దాకా వచ్చాయి. సరిగ్గా అప్పుడు గుమ్మం దగ్గర చంటిది ఏడ్చింది. ఆ తల్లి దాన్ని సముదాయిస్తూ నావైపే చూస్తోంది. కోపంగా చూస్తే బాగుండేది, అది నాకు అలవాటే, ఆ రెండు ముక్కలూ చెప్పేసేవాణ్ణి. "ఈడు కూడా సెప్పీసేడు, పోనీ" అన్నట్టు చూసింది. నేను ఇంకా నోరే విప్పలేదు.

"సీలు నువ్వే చూశావా?" అన్నారు వకీలు గారు.

"చూశానండి. రెండుసార్లూ చూశాను."

"రెండుసార్లేమిటి?"

"మొదట వేసినప్పుడొకసారి, మళ్ళీ వేసినప్పుడొకసారండి."

ముసలి ప్లీడరు గారి కళ్ళు పూర్తిగా తెరుచుకున్నాయి. ఎస్సై గారివి మూసుకున్నాయి.

ఇంక ఆపడం నావల్ల కాలేదు. దసరా, హెడ్డు గారి పట్టుపంచె, లక్క గీకడం, ఇటుకపొడి, పులిహోర మెతుకులు అన్నీ చెప్పేశాను. పొరల సంగతి చెప్పాను. గంధం సంగతి చెప్పాను. హాల్లో నవ్వులు మొదలై, గంధం దగ్గరికొచ్చేసరికి ఆగిపోయాయి. అందరూ కామందు గారి వైపు తిరిగారు. ఆయన కండువా సర్దుకున్నారు.

మేజిస్ట్రేటు గారు తుపాకీ తెప్పించుకుని వాసన చూశారు. "గంధం వాసన రావడం లేదే?"

"ఇప్పుడు కిరసనాయిలు వాసనండి. గంధం వాసన మా వరండా కింద పోయిందండి."

"అంటే ఈ సాక్ష్యాన్ని పాడు చేసింది నువ్వే."

"చిత్తం. భక్తితో చేశానండి."

"మాటు వేసి వెంబడించి పట్టుకున్నామని రాశారు. అదీ భక్తితోనేనా?" అన్నారు ప్లీడరు గారు.

అవునంటే అబద్ధం, కాదంటే ఉద్యోగం. "ఆ రోజు నేను గేటు దగ్గర సెంట్రీ అండి. ముద్దాయే నడిచొచ్చాడు. నేను పరిగెత్తలేదు. పరిగెత్తే ఒళ్ళు కాదండి నాది" అన్నాను.

కేసు కొట్టేశారు. సీలు విరిగిన తుపాకీని నమ్మలేం, పట్టుకున్న కథనీ నమ్మలేం, ముద్దాయిని విడుదల చెయ్యండి అన్నారు. గురి పెట్టింది ఎవరు, లైసెన్సు లేకుండా ఇన్ని దసరాలు దాన్ని ఉంచుకున్నది ఎవరు అన్నది ఎవరూ అడగలేదు. అడగాల్సింది మా స్టేషన్. మా స్టేషన్ నన్ను అడగడంలో తీరికలేకుండా ఉంది.

నాకు పదిహేను రోజులు దండన డ్రిల్లు పడింది, జిల్లా గ్రౌండులో, రైఫిలు రెండు చేతులా నెత్తిమీదకెత్తి పరుగు. కాగితం మీద పరిగెత్తిన దూరమంతా అక్కడ నిజంగా పరిగెత్తాను. హెడ్డు గారిని సంజాయిషీ అడిగితే "అమ్మవారి ఆజ్ఞ" అని రాసిచ్చారు. అమ్మవారిని సంజాయిషీ అడిగే అధికారం ఎవరికుంది? ఆయన హాయిగా రిటైరయ్యారు. ఎస్సై గారు నాతో రెండునెలలు మాట్లాడలేదు. మూడో నెలలో మాట్లాడారు, తిట్టడానికి.

అసలు తమాషా తుపాకీతో వచ్చింది. అది ఎవరిదో వాళ్ళు లైసెన్సు చూపించి తీసుకోవచ్చు, లేకపోతే సర్కారుకి జమ అన్నారు కోర్టువారు. ఇద్దరి దగ్గరా "నాది కాదు" అని సంతకాలు తీసుకునే పని నాకు పడింది. కామందు గారు కాగితం చూడకుండా సంతకం గీకేశారు. వాళ్ళ తాతగారు పట్టిన తుపాకీ అయ్యుంటుంది, ఆ చెక్కడం చూస్తే అలాగే ఉంది. తాతని తెలీదన్నట్టు పెన్ను పెట్టేశారు.

రైతు స్టేషన్‌కే వచ్చి వేలిముద్ర వేశాడు. కౌలు నేల ఇంకా వాడి దగ్గరే ఉంది. శిక్ష పడలేదు కనక తియ్యడానికి వంక దొరకలేదు. వేలిసిరా తలకి రాసుకుంటూ వరండాలో కూలబడ్డాడు.

"బాబూ, నానొకటి అడుగుతాను. తిట్టకండి."

"అడుగు."

"ఆ బాబు కాడ ఇంకోటున్నాది కదా, రెండు గొట్టాలది. దానికి కాయితం కూడా ఉన్నాది. వచ్చే ఊడ్పులకి మల్లీ మదుం కాడికి తెచ్చి నా గుండెకెట్టినాడనుకోండి. నానేటి సెయ్యాల? అట్టుకుంటే మీరు జైల్లో ఏత్తారు. అట్టుకోకపోతే ఆ బాబు కాల్చీవచ్చు."

వెనక్కి తిరిగి గదివైపు చూశాను. ఎస్సై గారు లోపల కునుకు తీస్తున్నారు.

"అట్టుకో" అన్నాను గొంతు తగ్గించి.

"అట్టుకుని?"

"ఇక్కడికి మాత్రం తేకు. పక్కనే గెడ్డ ఉన్నాది కదా."

"గెడ్డలో ఏసీమంతారా? మరది కేసవ్వదా?"

"ఎవుడు పెడతాడు? నీ చేతికి ఎలాగొచ్చిందో సెప్పాలంటే ముందు ఆయన చేతిలో ఎటు తిరిగి ఉన్నాదో సెప్పుకోవాల కదా."

వాడు నన్ను ఎగాదిగా చూశాడు. పోలీసువాడు ఇలాంటి సలహా ఇస్తాడని నమ్మలేక, ఇదేదో కొత్త కేసుకి మొదలేమో అని కూడా అనుమానపడ్డాడు. దండం పెట్టి వెళ్ళిపోయాడు.

మళ్ళీ శ్రావణం వచ్చింది. ఒక మధ్యాహ్నం కామందు గారు జట్కా దిగారు. ఈసారి భుజం ఖాళీ. రైటరు సెలవులో ఉండడంతో ఫిర్యాదు రాసే పని నా ఒరియా చేతికే వచ్చింది.

"నా తుపాకి పోయింది. లైసెన్సుది. రాసుకో."

"ఎక్కడ పోయింది బాబూ?"

"మదుం దగ్గర."

"ఎలాగ?"

ఆయన ఎస్సై గారి గది వైపు చూశారు. ఎస్సై గారు బయటికొచ్చి గుమ్మానికి ఆనుకుని నిలబడ్డారు గానీ కుర్చీ ఇమ్మనలేదు. పైనుంచి లైసెన్సు తుపాకుల మీద కూడా లెక్కలు అడగడం మొదలైంది అప్పటికి. పోగొట్టుకున్నవాడు ఎలా పోగొట్టుకున్నాడో చెప్పకపోతే లైసెన్సుకే ఎసరు.

"జారిపోయింది" అన్నారు.

"భుజం మీంచా, చేతుల్లోంచా?"

"చేతుల్లోంచి."

"చేతులు కిందకున్నాయా బాబూ, ఎత్తి ఉన్నాయా? అడగాలండి. కోర్టులో ప్లీడర్లు అడుగుతారు."

ఆయన ముఖం ఎర్రబడింది. నేను కలం పట్టుకుని కాచుకున్నాను. ఎస్సై గారు ఒకసారి దగ్గి, మీసం వెనక ఏదో దాచుకున్నారు.

"కిందకే ఉన్నాయి" అన్నారు కామందు గారు. "నీళ్ళు చూద్దామని వంగితే జారిపోయింది. ఎవరి ప్రమేయం లేదు. రాసుకో."

"ఎవరి ప్రమేయం లేదు" అని రెండుసార్లు గీత గీసి మరీ రాశాను. ఆయన సంతకం చేసి వెళ్ళిపోయారు.

"వెళ్ళి గాలించి రా" అన్నారు ఎస్సై గారు నాతో, ఇంకేం అడక్కుండా.

వెళ్ళాను. రైతు మడిలో నడుం వంచి ఆకు నాటుతున్నాడు. పెళ్ళాం వెనక నారు కట్టలు అందిస్తోంది. నన్ను చూసి ఇద్దరూ నిటారుగా లేచారు. బూట్లు విప్పి, ప్యాంటు మడిచి, మదుం కింద గెడ్డలోకి దిగాను. ఈ గట్టు నుంచి ఆ గట్టుకి నడిచి, మళ్ళీ ఇటు వచ్చాను. మధ్యలో ఒకచోట పాదానికి పొడుగ్గా, చల్లగా, ఇనుములాంటిది తగిలింది. దాన్ని దాటి వచ్చేశాను.

స్టేషన్‌కొచ్చి రిపోర్టు రాశాను. "గెడ్డ అంతయూ గాలించడమైనది. నీరు మిక్కిలి లోతుగానున్నందున తుపాకీ దొరకలేదు." ఎస్సై గారు చదివి, మోకాలి దాకా మాత్రమే తడిసిన నా కాళ్ళ వైపు ఒకసారి చూసి, కింద సంతకం పెట్టారు.